పెద్దకర్మ కాకముందే సంతకాలా? వద్దు!

రోడ్డు ప్రమాదంలో మనిషి పోయిన ఇంట్లో పదకొండు రోజుల దాకా ఎవరికీ ఒంటిమీద స్పృహ ఉండదు. సరిగ్గా ఆ రోజుల్లోనే కొందరు కాగితాలు పట్టుకుని గుమ్మంలోకి వస్తారు. గుద్దిన బండి యజమాని తాలూకు పెద్దమనిషి ఒకడు. ‘ఇన్సూరెన్సు డబ్బు నేను ఇప్పిస్తా’ననే బ్రోకరు ఒకడు. మన విజయవాడ గవర్నర్‌పేట వీధుల్లో లాయర్ల బోర్డులకు కొదవ లేదు. కానీ ఆ మెట్లెక్కే ఆడకూతురు అప్పటికే తెల్లకాగితం మీద సంతకం చేసి వస్తే ఏ లాయరైనా చేయగలిగింది తగ్గిపోతుంది. అందుకే ముందే చెబుతున్నాం, దయచేసి వినండి.

మొదటి ప్రమాదం, రాజీ. ‘పోయిన మనిషి ఎలాగూ రాడు, కోర్టుల చుట్టూ మీరేం తిరుగుతారు, ఇదిగో రెండు లక్షలు’ అంటారు. ఆ మాటకు లొంగేముందు ఒక్క లెక్క చూడండి. ముప్పై నాలుగేళ్ల తాపీమేస్త్రి, నెలకు పదిహేను వేల సంపాదన, ఇంట్లో భార్య, ఇద్దరు పిల్లలు, తల్లి ఉన్నారనుకుందాం. సుప్రీంకోర్టు 2009లో సరళా వర్మ కేసులోనూ, 2017లో ప్రణయ్ సేఠీ కేసులోనూ చెప్పిన పద్ధతి ప్రకారం సంపాదనకు 40 శాతం కలుపుతారు. సొంత ఖర్చు కింద నాలుగో వంతు తీసేస్తారు. ఏడాదికి 1,89,000 వస్తుంది. ఆ వయసుకు దాన్ని 16తో హెచ్చిస్తారు. మొత్తం 30,24,000 రూపాయలు. అంత్యక్రియల ఖర్చు వగైరా దీనికి అదనం. తప్పు ఎదుటి బండిదని, సంపాదన ఇంతని రుజువైతే వచ్చే సొమ్ము ఇది. రెండు లక్షలెక్కడ, ముప్పై లక్షలెక్కడ?

ఇక ఆ తెల్లకాగితం మీద తర్వాత ఏం రాస్తారో మీకు తెలియదు. ‘తప్పు మావాడిదే’ అన్న ఒక్క వాక్యం చాలు, కేసు కుంటుపడటానికి. పంచనామా అయినా, పోలీసులకిచ్చే వాంగ్మూలమైనా చదివించుకుని వినకుండా వేలిముద్ర వేయకండి.

రెండోది గడువు. ఒకప్పుడు ఈ పరిహారం కేసులకు కాలపరిమితి లేదు. 2022 ఏప్రిల్ 1 నుంచి చట్టం మారింది. ప్రమాదం జరిగిన ఆరు నెలల్లోగా మోటారు ప్రమాదాల క్లెయిముల ట్రిబ్యునల్లో దరఖాస్తు వేయాలి. ఆలస్యమైందన్న కారణంతో కేసులు కొట్టేయొద్దని సుప్రీంకోర్టు 2025 నవంబరులో చెప్పింది. అయితే అది మధ్యంతర ఉత్తర్వే. దాన్ని నమ్ముకుని కూర్చోవద్దు. ‘సంవత్సరీకం అయ్యాక చూద్దాం’ అనే మాట అసలే వద్దు. మీవాడు హైదరాబాదు రోడ్డులో పోయినా, చెన్నై దారిలో పోయినా అక్కడికి పరుగెత్తనక్కర్లేదు. మీరు ఉండే ఊరి ట్రిబ్యునల్లోనే వేసుకోవచ్చు. భార్య, పిల్లలతో పాటు తల్లిదండ్రుల పేర్లూ రాయించండి. రేపు ఇంట్లో తగువు రాకూడదు.

మూడోది, ఎక్స్‌గ్రేషియాను పరిహారం అనుకోవడం. 2023 నవంబరు 6న మన పండిట్ నెహ్రూ బస్టాండులో బస్సు ప్లాట్‌ఫాం మీదికి దూసుకొచ్చి ముగ్గురు చనిపోయారు. అలాంటప్పుడు ప్రభుత్వం సాయం ప్రకటిస్తుంది. అది దయతో ఇచ్చేది. చట్టం ఇచ్చే హక్కు వేరు. చెక్కు అందింది కదా అని కేసు మానుకోకండి.

నాలుగోది, ‘గుద్దిన బండి దొరకలేదు, ఇంకేం వస్తుంది’ అని ఊరుకోవడం. దొరక్కపోయినా మృతుడి కుటుంబానికి రెండు లక్షలు, తీవ్రంగా గాయపడితే యాభై వేలు ఇచ్చే పథకం ఉంది. ఆర్డీవో లేదా తహసీల్దారు ఆఫీసులో అడగండి. 2022లో దేశంలో గుద్ది పారిపోయిన ప్రమాదాలు 67,387. 2022-23 ఆర్థిక సంవత్సరంలో ఈ సాయం కోసం వచ్చిన దరఖాస్తులు 205. డబ్బు లేక కాదు, అడిగేవాళ్లు లేక ఆగింది.

డెల్టా పల్లెల వాళ్లకు ఇంకో మాట. నాట్లకూ, కోతలకూ ఆడవాళ్లను ట్రాక్టరు ట్రక్కులో ఎక్కించి పంపుతున్నాం. సరుకు బండిలో ఊరికే ఎక్కిన మనిషికి బీమా కంపెనీ బాధ్యత లేదని సుప్రీంకోర్టు 2003లోనే తేల్చింది. అంటే పల్టీ కొడితే ప్రాణమూ పోతుంది, డబ్బుకూ దిక్కుండదు. ట్రాక్టరు రైతు సోదరులారా, ఆ భారం మీ పొలం మీద కూడా పడుతుంది. మీ బండ్లకు థర్డ్ పార్టీ ఇన్సూరెన్సు తేదీ దాటిందేమో ఈ రాత్రే చూసుకోండి.

కమీషన్ బేరగాళ్లను ఇలా గుర్తుపట్టండి. ఆసుపత్రి మార్చురీ దగ్గరే పలకరిస్తాడు. ‘ముందు పైసా వద్దు, వచ్చాక సగం’ అంటాడు. బ్యాంకు పాసుపుస్తకం, ఖాళీ చెక్కులు తన దగ్గరుంచుకుంటానంటాడు. వచ్చే సొమ్ములో వాటా మాట్లాడుకోవడం లాయర్ల నియమాలకే విరుద్ధం. ఆడవాళ్లకు ఆదాయంతో పనిలేకుండా ఉచితంగా లాయరును పెట్టే న్యాయసేవా సంస్థలున్నాయి. 15100కు ఫోను చేయండి.

జాగ్రత్త చేయాల్సినవి: ఎఫ్ఐఆర్, పంచనామా, పోస్టుమార్టం రిపోర్టు, గుద్దిన బండి ఫొటో, నంబరు, ఇన్సూరెన్సు వివరాలు, వయసు రుజువు. అన్నిటికన్నా ముఖ్యం సంపాదన రుజువు. కూలి లెక్క రాసిన చిట్టా పుస్తకమైనా, ఫోన్‌పేలో పడ్డ డబ్బుల వరసైనా పారేయకండి. పోయినవాడి ఫోను ఎవరికీ ఇవ్వకండి.

ఇదంతా దుఃఖంలో ఉన్నవాళ్లకు చెప్పలేం. వాళ్లు ఈ పేజీ చదవరు. చదువుతున్నది మీరు. అందుకే మిమ్మల్ని వేడుకుంటున్నాం. మీ వీధిలో అలాంటి ఇంటికి పలకరింపుకు వెళ్తారు కదా. ఏ కాగితం మీదా తొందరపడవద్దని ఆ ఇంటి పెద్దకు చెవిలో చెప్పండి. ప్రమాదం తేదీకి ఆరు నెలలు కలిపి, గోడమీది క్యాలెండరులో ఆ తేదీ చుట్టూ సున్నా చుట్టి రండి.