‘ఆర్‌టీఏ’ అని మూడక్షరాలు రాస్తే సరిపోదు

మన ఊళ్లో ఆర్‌టీఏ అంటే ఎవరికైనా ఖైరతాబాద్ ఆఫీసే గుర్తొస్తుంది. ఆసుపత్రి కాగితాల్లో మాత్రం దానర్థం వేరు... రోడ్డు ట్రాఫిక్ యాక్సిడెంట్. బండి మీంచి జారిపడినా, బస్సు ఢీకొట్టినా చాలా డిశ్చార్జి సమ్మరీల్లో కనిపించేది ఈ మూడక్షరాలే. ఏ ఎముక విరిగిందో, ఏ ప్లేటు వేశారో వివరంగా ఉంటుంది. ఎలా విరిగిందో మాత్రం ఉండదు. ఇది చూసీచూడనట్టు వదిలేయదగిన లోపం కాదు.

దెబ్బ ఒకటే... కోడ్‌లు రెండు

ప్రపంచ ఆరోగ్య సంస్థ రూపొందించిన ఐసీడీ-10 పట్టికలో ప్రతి జబ్బుకూ, గాయానికీ ఒక కోడ్ ఉంటుంది. ప్రమాదంలో తగిలిన దెబ్బకైతే రెండు కావాలి. మొదటిది గాయం ఏమిటో చెబుతుంది. తల లోపలి గాయానికి ఎస్06, తొడ ఎముక విరిగితే ఎస్72, మోకాలి కింద విరిగితే ఎస్82. రెండోది ఆ గాయానికి కారణం చెబుతుంది. వాహన ప్రమాదాలైతే ఈ కోడ్‌లు ‘వి’ అక్షరంతో మొదలవుతాయి.

నాంపల్లి స్టేషన్ నుంచి అబిడ్స్ జీపీవో వైపు వెళ్లే దారినే తీసుకోండి. రోడ్డు దాటుతున్న పెద్దాయన్ని బైకు గుద్దింది. ఇంకొకరు వానలో స్కూటర్ జారి పడ్డారు. మూడో వ్యక్తి ఆటోలో వెళ్తుంటే బస్సు ఢీకొట్టింది. ముగ్గురికీ మోకాలి కిందే విరిగిందనుకుందాం. గాయం కోడ్ ఒక్కటే, ఎస్82. కారణం కోడ్‌లు మాత్రం వరుసగా వి02, వి28, వి34. మొదటిదానికి మందు జీబ్రా క్రాసింగ్, రెండోదానికి రోడ్డు మరమ్మతు, మూడోదానికి బస్సుల వేగానికి కళ్లెం. ముగ్గురికీ ‘ఆర్‌టీఏ’ అని రాసేస్తే ఈ తేడా అక్కడే మాసిపోతుంది. కోడర్ సొంతంగా ఊహించి రాయకూడదు. డాక్టరు రాసినదానికే కోడ్ వేయాలి.

విచిత్రమేమిటంటే ఈ విద్యలో మనవాళ్లు ఆరితేరారు. అమీర్‌పేటలో మెడికల్ కోడింగ్ శిక్షణ బోర్డులు చూడనివారుండరు. అమెరికా 2015 అక్టోబర్ 1న ఐసీడీ-10కు మారాక అక్కడి ఆసుపత్రుల కోడింగ్ పని హైదరాబాద్‌లోనూ జోరుగా సాగుతోంది. టెక్సాస్‌లో దెబ్బ తగిలినవారు కారు నడుపుతున్నారా, పక్క సీట్లో కూర్చున్నారా అని మన పిల్లలు వెతికి మరీ కోడ్ వేస్తారు. అబిడ్స్‌లో పడ్డవారికి ఆ పాటి వివరం దక్కదు.

లెక్కలోకి రానివారెందరో

2022లో దేశంలో రోడ్డు ప్రమాదాల్లో 1,68,491 మంది చనిపోయారని కేంద్ర రవాణా శాఖ చెప్పింది. ఇది పోలీసుల దగ్గర నమోదైన లెక్క. 2016కు మన ప్రభుత్వం చెప్పింది సుమారు లక్షా 50 వేలైతే, ప్రపంచ ఆరోగ్య సంస్థ అంచనా దాదాపు 2 లక్షల 99 వేలు. పోలీసుల దాకా వెళ్లని ప్రమాదం కూడా ఆసుపత్రి దాకా వెళ్తుంది. అందుకే అక్కడి రికార్డు సరిగా ఉండాలి. ఆసుపత్రిలో మరణిస్తే నింపే ధ్రువపత్రంలో గాయం ఎలా జరిగిందన్న ప్రశ్న ఉంది. బతికి బయటపడ్డవారి కాగితంలో ఎందుకు ఉండకూడదు?

‘బాత్రూమ్‌లో పడ్డాం’ అనొద్దు

పోలీసు కేసు తలనొప్పి అనుకుని కొందరు క్యాజువాల్టీలో ఇలా చెప్పేస్తారు. ఆ ఒక్క మాటతో కోడ్ ‘వి’ నుంచి ‘డబ్ల్యూ’కు, అంటే మామూలుగా కిందపడ్డ వారి జాబితాకు మారిపోతుంది. తర్వాత ప్రమాద బీమాకో, నష్టపరిహారానికో వెళ్తే మీ కాగితమే మీకు ఎదురు సాక్ష్యం చెబుతుంది. 2025 మే నుంచి అమల్లోకి వచ్చిన కేంద్ర నగదురహిత చికిత్స పథకం మోటారు వాహన ప్రమాద బాధితులకు మొదటి ఏడు రోజుల్లో లక్షన్నర రూపాయల వరకు ఇస్తుంది. ప్రమాదమే కాదని మీరే చెబితే అది ఎలా అందుతుంది?

ప్రాణం మీదికొచ్చినప్పుడు ఈ రాతకోతలేమిటని డాక్టర్లు అనొచ్చు. నిజమే, ముందు ప్రాణం. కానీ డిశ్చార్జి నాటికి ఒక్క వాక్యం రాయడానికి తీరిక ఉంటుంది. ఆరోగ్యశ్రీ అయినా, కార్పొరేట్ ఆసుపత్రి అయినా ఆ వాక్యాన్ని ప్రభుత్వం తప్పనిసరి చేయాలి. అప్పటిదాకా మనమే అడగాలి.

డిశ్చార్జికి ముందు చూసుకోండి

• దెబ్బ తగిలినవారు నడుస్తున్నారా, బండి నడుపుతున్నారా, వెనక కూర్చున్నారా?
• ఢీకొన్నది ఏది? బైకా, ఆటోనా, బస్సా? లేక జారిపడ్డారా?
• తేదీ, సమయం, చోటు రాశారా? ‘అబిడ్స్’ అని కాదు, ఏ కూడలి దగ్గరో ఉండాలి.
• హెల్మెట్ ఉందా, లేదా? ఉన్నదున్నట్టు రాయించండి.
• ఎంఎల్‌సీ నంబరు, కుడి ఎడమలు సరిగా పడ్డాయా?

తప్పుంటే ఆసుపత్రి దాటకముందే సరిచేయించండి. ఆ తర్వాత మార్పించడం కష్టం. మీకు ఐదు నిమిషాలు పడుతుంది. రేపు అదే కూడలిలో రోడ్డు దాటేవారికి ఆ ఐదు నిమిషాలే అక్కరకొస్తాయి.