లక్క ఇంట్ల కాలిపోయిన ఆరుగురి పేర్లేమిటి?

భారతం విన్నవాళ్లందరికీ లక్క ఇంటి కథ తెలుసు. దుర్యోధనుడు కుట్ర పన్నిండు, పాండవులు సొరంగంల నుంచి బయటపడ్డరు, అలసిపోయిన తల్లిని, తమ్ముళ్లను మోసుకొని భీముడు అడవిల నడిచిండు. హరికథల విన్నం, సినిమాల చూసినం, బడి పుస్తకంల చదివినం. మరి తెల్లారి బూడిదల దొరికిన శవాలు ఎవరివి?

ఒక నిషాద తల్లివి, ఆమె అయిదుగురు కొడుకులవి. ఆ రాత్రి కుంతి పెట్టిన విందుకు అన్నం కోసం వచ్చిన్రు. తిన్నరు, తాగిన్రు, ఒళ్లు తెలియకుంట అక్కడనే పండుకున్నరు. వాళ్లు లోపల ఉండంగనే ఇంటికి నిప్పు పడ్డది. ఊరి జనం ఆ శవాలను చూసి పాండవులే కాలిపోయిన్రని ఏడ్చిన్రు. పాండవులు బతికి బట్టకట్టింది ఈ ఆరు శవాల చాటునే. లక్క ఇంటికి కాపలా ఉన్న పురోచనునికి భారతంల పేరున్నది. ఈ ఆరుగురికి పేరు లేదు.

ఇది మనం పుట్టించిన ముచ్చట కాదు. వ్యాసుని భారతంల, ఆది పర్వంలనే ఉన్నది. కలకత్తాల కిసారి మోహన్ గంగూలీ 1883 నుంచి 1896 దాకా కష్టపడి పద్దెనిమిది పర్వాలను ఇంగ్లీషు వచనంలకు తెచ్చిండు. ప్రతాప్ చంద్ర రాయ్ భాగాలు భాగాలుగా అచ్చు వేసిండు. ఆయన పోయినంక ఆయన భార్య సుందరీబాల రాయ్ ఆ పని పూర్తి చేయించింది. ఆ తర్జుమా ఇయ్యాల ఇంటర్నెట్ల పైస ఖర్చు లేకుంట దొరుకుతది. ఇంగ్లీషు పాతదే గానీ పద్యం కాదు, వచనం. డిగ్రీ చదివిన మన పిల్లలు పక్కన డిక్షనరీ పెట్టుకుంటే చదవగలరు. పండితుడు అర్థం చెప్పేదాకా ఎదురుచూడాల్సిన పని లేదు.

అయితే అన్ని తర్జుమాలు ఒక తీరు ఉండవు. రాజాజీ ఇంగ్లీషుల రాసిన రామాయణం ఎన్నో ఇండ్లల్ల ఉన్నది. అది పట్టాభిషేకంతోనే ముగుస్తది. ఉత్తరకాండ కథను ఆయన చెప్పలేదు. శంబూకుని తల నరికింది ఆ ఉత్తరకాండలనే. ఆ పుస్తకం మొత్తం చదివిన పిల్లగాడు "శంబూకుడు అనేటోడే లేడు కదా సార్" అంటే అబద్ధం ఆడుతలేడు. వానికి దొరికిన పుస్తకంల నిజంగనే లేడు. ఉత్తరకాండ తర్వాత చేర్చిందని పండితులు అంటరు. కావచ్చు. మరి చేర్చినోళ్లకు తపస్సు చేసే శూద్రుని తల ఎందుకు కావలసి వచ్చింది? అందుకే కుదించిన పుస్తకాలతోని ఆగిపోవద్దు. పూర్తి పాఠం చదవాలె.

మనం ఇట్ల అడిగితే ఎదుటోళ్లు అనే మొదటి మాట "నీకు సంస్కృతం వస్తదా?" నేను కాలేజీల ఉన్నప్పుడు ఒక లెక్చరర్ కూడా ఇదే అడిగిండు. మూలం చదవనోడు మాట్లాడొద్దట. ఈ ప్రశ్న అంబేద్కర్‌ను గూడ విడువలేదు. ఆయన బడిల సంస్కృతం చదువుకుంటనంటే అంటరానోనికి చెప్పమన్నరు. పర్షియన్ తీసుకోవలసి వచ్చింది. 1946లో అచ్చయిన "శూద్రులెవరు?" ముందుమాటల ఆయన దీనికి జవాబు రాసిండు. సంస్కృతం రాకపోవుడు లోపమే అని ఒప్పుకున్నడు. కానీ ఆ సాహిత్యం చాలా మటుకు ఇంగ్లీషుల దొరుకుతున్నప్పుడు, దాని గురించి మాట్లాడే అర్హత తనకు ఎందుకు ఉండదని అడిగిండు. తలుపు మూసినోడే "లోపల ఏమున్నదో నీకేం తెలుసు" అని అడిగితే ఎట్ల? మనకు తలుపు మూసిన్రు, కిటికీల నుంచి చూసినం. చూసింది చెప్తున్నం. తప్పుంటే మూలం తెచ్చి చూపించాలె గానీ, నోరు మూసుకొమ్మనొద్దు.

రెండో మాట మనవాళ్లే అంటరు: "వాళ్ల పుస్తకాలు మనకెందుకు? పారేద్దాం." ఈ కోపంల న్యాయం ఉన్నది. కానీ యాది చేసుకోండ్రి. 1927 డిసెంబర్ 25న మహద్‌ల మనుస్మృతిని కాలబెట్టిన్రు. దాంట్ల ఏమున్నదో చదివి, జనానికి చెప్పి కాలబెట్టిన్రు. చదవకుంట పారేస్తే వాళ్లు చెప్పిందే భారతం అయితది, వాళ్లు చూపెట్టిందే రామాయణం అయితది.

ఇగ బెంగాలీ కథల సంగతి. లక్క ఇంటి శవాలను మనకంటె ముందు లెక్కబెట్టిన ఒక బెంగాలీ రచయిత్రి ఉన్నది, మహాశ్వేతాదేవి. 1926లో ఢాకాల పుట్టి 2016లో కలకత్తాల కన్నుమూసింది. ఆమె కథ "కుంతీ ఓ నిషాదీ" 2005లో అంజుమ్ కట్యాల్ చేసిన ఇంగ్లీషు తర్జుమాల, "ఆఫ్టర్ కురుక్షేత్ర" అనే చిన్న పుస్తకంల వచ్చింది. యుద్ధం ముగిసింది. ముసలి కుంతి అడవిల కూసోని తన పాపాలన్నీ తనకు తాను చెప్పుకుంటది. పక్కన కట్టెలు ఏరుకునే నిషాద స్త్రీకి తన భాష రాదనుకుంటది. ఒకనాడు ఆమె కుంతి భాషలనే నోరిప్పుతది: అన్నీ చెప్పినవు, లక్క ఇల్లు ఎందుకు చెప్పలేదు? కాలిపోయిన తల్లి ఆ ఇంటి అత్త. అడిగిన స్త్రీ ఆ ఇంటి కోడలు. కుంతికి ఆ తప్పు దాచిపెట్టాలన్న ఆలోచన గూడ రాలేదు. అసలు యాదికే లేదు. మన ఊర్లల్ల పెద్దరైతు ఇంటి ముసలమ్మను "మీ పాలేరు ఎట్ల చచ్చిండు?" అని అడిగితే, ఏ పాలేరు అని అడగదా?

ఆమెదే "ద్రౌపది" అనే కథ ఇంకొకటి ఉన్నది. దోప్ది మెఝెన్ అనే సంతాల్ స్త్రీని సైన్యం పట్టుకొని చెరుస్తది. ఆమెకు ద్రౌపది అని పేరు పెట్టింది దొరసాని. భారతంల ద్రౌపదికి చీరలిచ్చిన దేవుడు ఈమెకు రాడు. ఆమె బట్ట కట్టుకోనంటది. గాయపడ్డ ఒంటితోనే అధికారి ముందరికి నడిచిపోతది. ఆయుధం లేని ఆమెను చూసి ఆయన మొదటిసారి భయపడతడు. గాయత్రీ చక్రవర్తి స్పివాక్ 1981లో దీన్ని ఇంగ్లీషు చేసింది. ఢిల్లీ యూనివర్సిటీ ఇంగ్లీషు ఆనర్స్ పిల్లలకు పాఠంగా ఉండేది. 2021 ఆగస్టుల తీసేసిన్రు. దాంతోపాటు తమిళ దళిత రచయిత్రులు బామా, సుకీర్తరాణిల రచనలను గూడ తీసేసిన్రు. చదివితే ఏమైతదో తీసేసినోళ్లకు మంచిగ తెలుసు. మనకే ఇంకా తెలియాలె.

బెంగాలీ కథ అనంగనే మన తెలుగు ఇండ్లల్ల శరత్‌బాబు, దేవదాసు, పార్వతి. తాగి చచ్చిపోయిన జమీందారు కొడుకు కోసం మూడు తరాలు ఏడ్చినం. అదే శరత్ రాసిన "అభాగీర్ స్వర్గ" ఎంతమంది చదివిన్రు? దూలే కులపు తల్లి అభాగి, బ్రాహ్మణ ఇల్లాలి చితిని దూరం నుంచి చూసి, తనకు గూడ కొడుకు చేతి నిప్పు దక్కాలని కోరుకుంటది. ఆమె చచ్చిపోయినంక, తన చేతుల మీద తాను నాటిన చెట్టును కొట్టుకోనియ్యరు. జమీందారు మనిషి చెంప మీద కొట్టి గొడ్డలి గుంజుకుంటడు. కొడుకు కంగాళీ గడపగడపకు పోతడు. మీ కులంల కాలబెట్టేదెప్పుడు అంటరు. ఆఖరికి ఏటి ఒడ్డున పాతిపెడుతరు. శ్మశానం దారి కోసం ఇయ్యాలటికీ కొట్లాడే మన వాడలల్ల ఈ కథ చదివి వినిపించాలె.

ఒక్కటి మరువొద్దు. శరత్ గానీ మహాశ్వేత గానీ మన పక్షాన నిలబడ్డోళ్లే, మనోళ్లు కాదు. పై కులాల ఇండ్లల్ల పుట్టినోళ్లు. బెంగాలీ అంటరాని బతుకుల నుంచి పుట్టిన కలాలు వేరే ఉన్నయి. మాలో జాలరి కులపు అద్వైత మల్లబర్మన్ క్షయతోని 1951లో పోయిండు. ఆయన "తితాస్ ఒక నది పేరు" నవల 1956లో పుస్తకమైంది. అది ఇంగ్లీషుల 1992 దాకా రాలేదు, కల్పనా బర్ధన్ తెచ్చింది. నామశూద్ర కులపు మనోరంజన్ బ్యాపారీ జైలుల అక్షరాలు నేర్చుకున్నడు, రిక్షా తొక్కిండు. ఒకనాడు రిక్షా ఎక్కిన ముసలి టీచరమ్మను ఒక కష్టమైన మాటకు అర్థం అడిగిండు. ఆమె మహాశ్వేతాదేవి. ఆమె తన పత్రికకు రాయమన్నది. ఆయన చండాల జీవిత కథ 2018లో ఇంగ్లీషుల వచ్చింది. 2021లో ఆయన బెంగాల్ అసెంబ్లీకి గెలిచిండు.

ఈ దారి ఒక దిక్కే పోయేది కాదు. వరంగల్ జిల్లా కురుమ ఇంట్ల పుట్టిన కంచ ఐలయ్య ఇంగ్లీషుల రాసిన పుస్తకాన్ని 1996లో అచ్చు వేసింది కలకత్తాల సమ్య ప్రచురణలు. తర్వాత అది "నేను హిందువు నెట్లయిత?" అని మన తెలుగులకు తిరిగొచ్చింది. దాన్ని తెచ్చింది 1980లో మొదలైన హైదరాబాద్ బుక్ ట్రస్ట్. మన గుడిమల్కాపూర్ బాలాజీనగర్ చిరునామా మీదనే ఆ ట్రస్ట్ ఎన్నో పుస్తకాలు వేసింది. అలెక్స్ హేలీ "ఏడు తరాలు", మహాశ్వేత "ఒక తల్లి", "ఎవరిదీ అడవి" ఊర్లకు చేరింది ఇక్కడి నుంచే. పొద్దుగాల పూల మార్కెట్‌కు వచ్చే మనోళ్లకు, నాలుగు గల్లీల అవతల ఇంత సరుకు ఉన్నదని తెలవాలె.

తెలంగాణల 2022–23 నుంచి సర్కారు బడులల్ల ఇంగ్లీషు మీడియం వచ్చింది. మంచిదే. "మాతృభాష పాడైతది" అనేటోళ్లను, మీ పిల్లలు ఏ బడికి పోతున్నరని అడగండ్రి. కానీ మన పిల్లలకు ఇంగ్లీషు కొలువు కోసం మాత్రమే అయితే సగం పనే. తాతల నోరు మూసిన పుస్తకాలను విప్పి చూడడానికి గూడ అది పనికి రావాలె.

కార్యకర్తలకు మా మాట ఇది. ప్రతి వాడల ఇంగ్లీషు చదవగలిగే ఒక్క బిడ్డను పట్టుకోండ్రి. పదిహేను రోజులకు ఒకసారి, కమ్యూనిటీ హాలుల గానీ చెట్టు కింద గానీ, ఒక కథనో ఒక అధ్యాయమో చదివి మన యాసల చెప్పమనండ్రి. మొదటి నెల లక్క ఇల్లు, "కుంతీ ఓ నిషాదీ" జోడుగా పెట్టుకోండ్రి. రెండో నెల అభాగి. ప్రతిసారి మూడు ప్రశ్నలు అడగండ్రి: దీంట్ల పేరు లేనోళ్లు ఎవరు? ఎవరి చావుతోని ఎవరు బతికిన్రు? ఈ కథ మనకు ఇన్నాళ్లు ఎవరు చెప్పిన్రు, ఏం దాచిపెట్టి చెప్పిన్రు? చదువురాని అవ్వలు చెప్పే జవాబులు తప్పకుంట రాసుకోండ్రి. వాటిని మాకు పంపితే వచ్చే సంచిక నుంచి ఒక పేజీ వాటికే ఇస్తం.

జై భీమ్!