ఆ సిపాయి గవాహీ ఏది?

సెప్టెంబర్ 17 వస్తే చాలు, మమ్మల్ని అదే ప్రశ్న అడుగుతారు: విమోచనమా, విలీనమా? మేం అడిగేది వేరే. 1948లో హైదరాబాద్ సంస్థానంలోకి తుపాకీతో వచ్చిన సిపాయి ఊళ్లలో ఏం చేశాడు? చేసినదానికి ఎప్పుడైనా నోరు విప్పాడా?

ఇది మేం పుట్టించిన పుకారు కాదు. పోలీస్ యాక్షన్ జరిగి రెండు నెలలు దాటాక నెహ్రూ పంపిన పండిత్ సుందర్‌లాల్, ఖాజీ అబ్దుల్ గఫార్ బృందం ఊరూరా తిరిగింది. తక్కువలో తక్కువ లెక్కేసినా 27 వేల నుంచి 40 వేల మంది చనిపోయారని రాసింది. ఎక్కువ నష్టం ఉస్మానాబాద్, గుల్బర్గా, బీదర్, నాందేడ్ జిల్లాల్లో. మొత్తం మీద సైన్యం నడవడిని మెచ్చుకున్న ఆ నివేదికే ఇంకో మాటా చెప్పింది: కొన్నిచోట్ల సాయుధ బలగాల వాళ్లు ముస్లిం మగవాళ్లను ఊళ్లలోంచి బయటికి తెచ్చి చంపారు. దుకాణాలు దోచుకోమని గుంపుల్ని ఉసిగొల్పారు. సర్కారు ఆ కాగితాల్ని దశాబ్దాల పాటు బీరువాలో పెట్టుకుంది.

'పైనుంచి హుకుం, పాపం సిపాయి ఏం చేస్తాడు?' అంటారు. జవాబు అదే నివేదికలో ఉంది. కొన్నిచోట్ల హిందూ నేతగాళ్లు తోటి ముస్లిం నేతగాళ్లకు అడ్డం నిలబడి ప్రాణాలు పోగొట్టుకున్నారు. వాళ్లకు వర్దీ లేదు, తుపాకీ లేదు, వెనక సర్కారు లేదు. ఉన్నది మగ్గం ఒక్కటే. వట్టిచేతులవాడు కాదనగలిగినప్పుడు తుపాకీ ఉన్నవాడు ఎందుకు అనలేకపోయాడు? కాల్చినవాడిదే కాదు, దోపిడీ జరుగుతుంటే చూస్తూ నిలబడ్డవాడిదీ నేరమే. ఆ తర్వాత అతనికి నిద్ర పట్టిందో లేదో అడిగినవాళ్లు లేరు. అడగనివ్వని సర్కారుకు అతని పాపంలో వాటా ఉంది.

ఇక మా గిరేబాన్‌లోకి మేం చూసుకోవాలి. 1948 ఆగస్టు 27న భైరాన్‌పల్లి మీద పడ్డ రజాకార్లు ఎవరి ఇళ్లలోంచి వెళ్లారు? అదే నెలలో 'ఇమ్రోజ్' సంపాదకుడు షోయబుల్లా ఖాన్‌ను నరికి చంపితే మాలో ఎన్ని గొంతులు లేచాయి? పోలీస్ యాక్షన్ గురించి ఏడ్చి చెప్పిన మా పెద్దలు రజాకార్ల మాట రాగానే గొంతు తగ్గించేవాళ్లు. ఆ ఖామోషీలోనే మేం పెరిగాం. రజాకార్ చేసినదానికి దూదేకే సాయిబు చావడం న్యాయం కాదు. కానీ మావాడి తప్పు దాచి ఎదుటివాడి తప్పు అడిగితే మా నోట నిజం నిలవదు.

మేం పగ అడగటం లేదు. ఆనాటి సిపాయిల ఇళ్లలో ఎక్కడో ఒక ఉత్తరం, తాత సగంలో ఆపేసిన ఒక మాట ఉండే ఉంటుంది. బయటపెట్టండి. మా ఇళ్లలోని పెట్టెలు మేం తెరుస్తాం. మీవి మీరు తెరవండి.