సపోర్ట్ రోలే కదా అని చిన్నచూపెందుకు?

శనివారం సాయంత్రం జేబీఎస్ నుంచి సిద్దిపేట వచ్చే బస్సెక్కితే ఈ మాటలు ఎక్కడో ఒక సీట్లో వినబడుతయి. "ప్రాజెక్ట్ ఏమొచ్చింది రా?" "సపోర్ట్ మామా..." ఆ వెంటనే ఒక నిట్టూర్పు. డెవలప్‌మెంట్ వస్తే హీరో, టెస్టింగ్ వస్తే హీరో ఫ్రెండ్, సపోర్ట్ వస్తే గుంపులో ఒకడు. ఫ్రెషర్లలో ఈ లెక్క బాగా పాతుకుపోయింది. సపోర్ట్ అని తెలిసి ఆఫర్ లెటర్ పక్కన పెట్టి, ఇంకో కోర్సు పేరుతో అమీర్‌పేటలో రూమ్ తీసుకునేవాళ్లూ ఉన్నారు. వాళ్లకు ఒక కెరీర్ గురించి చెప్పాలి. ఐటీది కాదు, సినిమాది.

1978లో 'ప్రాణం ఖరీదు' విడుదలైంది. ఆ సినిమాతో ఇద్దరు కొత్తవాళ్లు తెర మీదికి వచ్చారు. ఒకరు చిరంజీవి, అప్పటికి 23 ఏళ్లు. ఇంకొకరు కోట శ్రీనివాసరావు, 36 ఏళ్లు. కృష్ణా జిల్లా కంకిపాడు మనిషి. స్టేట్ బ్యాంకులో ఉద్యోగం, తీరిక దొరికితే నాటకాలు. చిరంజీవి 150వ సినిమా 2017లో వచ్చింది, ఆ అంకె సినిమా పేరులోనే ఉంది. కోట చేసినవి 750 పైచిలుకు. తెలుగు, తమిళం, కన్నడ, హిందీ అన్నీ కలిపి. తొమ్మిది నంది అవార్డులు, 2015లో పద్మశ్రీ. మధ్యలో 1999లో విజయవాడ తూర్పు నుంచి ఎమ్మెల్యే కూడా. 2025 జులై 13న, 83 ఏళ్ల వయసులో చనిపోయేనాటికి తెలుగువాళ్లలో ఆయన ముఖం గుర్తుపట్టని మనిషి లేడు. అయినా ఆ 750లో దాదాపు అన్నీ ఇంకొకరి కథలే. పోస్టర్ మీద పెద్ద బొమ్మ ఇంకొకరిది.

నాకు ఆ సినిమాల లెక్క కన్నా వయసు లెక్క ముఖ్యమనిపిస్తుంది. మొదటి సినిమా 36లో. రాష్ట్రమంతా పేరు తెచ్చిన 'ప్రతిఘటన' వచ్చింది 1985లో, అంటే 43లో. మధ్యలో ఏడేళ్లు. మనోళ్లేమో 25 దాటి పోస్టింగ్ రాకపోతే పెళ్లిళ్లకు పోవడం మానేస్తున్నారు. ఇంకో సంగతి, తెరకు వచ్చేనాటికి కోట చేతిలో నెలనెలా జీతం ఉంది. "ప్యాషన్ కోసం అన్నీ వదిలేయండి" అని రీల్స్‌లో అరిచేవాళ్లు ఈ ముక్క చెప్పరు. బ్రహ్మానందం అత్తిలిలో తెలుగు లెక్చరర్. మొన్నటి 'డీజే టిల్లు'లో తండ్రిగా, 'బలగం'లో అల్లుడు నారాయణగా నవ్వించి ఏడిపించిన మురళీధర్ గౌడ్ విద్యుత్ శాఖలో ఉద్యోగం చేసి, రిటైరయ్యాక తెర మీదికొచ్చారు. జీతం ఉన్నవాడికి ఓపిక పట్టే వీలుంటుంది. అది అందరికీ దొరకదు కూడా, ఒప్పుకోవాలి.

ఇంతకీ ఆ సపోర్టింగ్ వేషంలో కోట ఏం చేశారు? 'ప్రతిఘటన'లో మంత్రి కాశయ్య పాత్ర హిట్టయింది. అక్కడే ఆగి ఉంటే జీవితాంతం ఖద్దరు చొక్కా మంత్రి వేషాలే వచ్చేవి. రెండేళ్లకు 1987లో జంధ్యాల 'అహ నా పెళ్ళంట'లో పిసినారి లక్ష్మీపతి అయ్యారు. కోడిని పైనుంచి వేలాడదీసి, దాన్ని చూస్తూ ఉత్త అన్నం తినే మనిషి. కాశయ్యను చూసి భయపడ్డ జనమే లక్ష్మీపతిని చూసి పడిపడి నవ్వారు. తర్వాత బాబు మోహన్‌తో కామెడీ జంట, మళ్లీ 1993లో 'గాయం'లో గురు నారాయణ. ఇట్ల ఆరు నెలలకో టెక్నాలజీ మార్చడం మన రంగంలో డెవలపర్లకే తెలుసనుకుంటం.

ఇక్కడ సిద్దిపేటవాడిగా నాదో పంచాయితీ ఉంది. కాశయ్య, గురు నారాయణ ఇద్దరూ తెలంగాణ యాస మాట్లాడతారు. కోట ఆ యాసను బాగా పలికారు, అందులో అనుమానం లేదు. కానీ ఆ తర్వాత ఏళ్లకేళ్లు మన మాట తెర మీద రౌడీకో, జోకర్‌కో మాత్రమే దక్కింది. తప్పు నటుడిది కాదు, రాసేవాళ్లది, తీసేవాళ్లది. దాని ప్రభావం ఎక్కడిదాకా పోయిందంటే, ఈనాటికీ మన పిల్లలు గ్రూప్ డిస్కషన్‌లో నోరు తెరవడానికి జంకుతరు. ఇంగ్లిష్ రాక కాదు, తెలుగులో మాట్లాడినా నవ్వుతారేమోనని.

ఆ లెక్క మార్చినవాళ్లలో ఒకరు కూడా సపోర్టింగ్ నటుడే. పక్కనే ఉన్న సిరిసిల్ల మనిషి వేణు యెల్దండి. ఏళ్ల తరబడి సినిమాల్లో చిన్న చిన్న కామెడీ వేషాలు, టీవీలో 'జబర్దస్త్' స్కిట్లు. 2023లో దర్శకుడిగా మొదటి సినిమా 'బలగం' తీశారు. అదే యాస, ఈసారి తాత నోట్లో, కొడుకుల నోట్లో, ఆడబిడ్డ నోట్లో. చిన్న వేషం వేసేవాడికి షాట్‌కు షాట్‌కు మధ్య బోలెడంత టైం ఉంటుంది. ఆ టైంలో క్యారవాన్‌లో కూర్చోవచ్చు, సెట్టంతా ఎట్ల నడుస్తుందో చూడనూవచ్చు. సపోర్ట్ ప్రాజెక్టు కూడా అంతే. కోడ్ రాసినవాడికి తన మాడ్యూలే తెలుసు. అర్ధరాత్రి టికెట్ ఎత్తినవాడికి మొత్తం సిస్టమ్ ఎక్కడ విరుగుతుందో తెలుస్తది.

అన్ని సపోర్ట్ ఉద్యోగాలూ బంగారమని నేననను. రెండేళ్లు పాస్‌వర్డ్ రీసెట్లు చేసి, రెజ్యూమెలో రాయడానికి ఒక్క లైను లేనివాళ్లు నాకు తెలుసు. నైట్ షిఫ్టులతో ఆరోగ్యం పోగొట్టుకున్నవాళ్లూ తెలుసు. పైగా ఇప్పుడు ఏఐ ముందుగా మింగేది ఈ పనులనే. సినిమాల్లోనూ ఇదే జరిగింది. ఇక్కడ నటులుండగా పక్క భాషల నుంచి విలన్లను, క్యారెక్టర్ ఆర్టిస్టులను దిగుమతి చేసుకోవడమేంటని కోట చాలాసార్లు బహిరంగంగానే మండిపడ్డారు. సపోర్టింగ్ వేషం అంత సులువుగా వేరేవాళ్ల చేతికి పోతుంది. కాకపోతే బయటి నుంచి వచ్చిన విలన్‌కు చాలాసార్లు గొంతు ఇంకొకరు అరువివ్వాలి. కోట ఆ అవసరం రానివ్వలేదు. పాస్‌వర్డ్ బాట్ కూడా మారుస్తది. ప్రతి నెలాఖరు రాత్రి అదే బిల్లింగ్ జాబ్ ఎందుకు ఆగుతుందో కనిపెట్టాలంటే మాత్రం ఆరు నెలలు దాన్ని చూసిన మనిషి కావాలె.

కాబట్టి ఈ నెల ఆఫర్ లెటర్‌లో సపోర్ట్ అని కనబడితే వెంటనే వద్దనకండి, కళ్లు మూసుకుని సంతకమూ పెట్టకండి. ఎల్1, ఎల్2, ఎల్3లలో ఏ స్థాయో అడగండి. లాగ్స్, డేటాబేస్ చూసే యాక్సెస్ ఇస్తారో లేదో అడగండి. షిఫ్టులు ఎన్ని వారాలకోసారి మారతాయో, ఏడాది తర్వాత వేరే టీమ్‌కు మారే అవకాశం కాగితం మీద ఉందో లేదో కనుక్కోండి. హెచ్ఆర్‌తో మన యాసలోనే మాట్లాడినా ఏం కాదు.