మనకెందుకు?

తెలుగులో అన్నిటికన్నా పెద్దమనిషి తరహా మాట ఏదో తెలుసాండీ? "మనకెందుకు!" ఇందులో కోపం ఉండదు, ద్వేషం ఉండదు. పక్కవాటాలో కోడల్ని కొడుతున్నా, పనమ్మాయి జ్వరంతో అంట్లు తోముతున్నా, ఈ ఒక్క మాట అనేసి తలుపు వేసుకోవచ్చు. దీన్నే మనవాళ్లు ముఖం చాటెయ్యడం అన్నారు.

ఎదుటి మనిషి ముఖం గురించే జన్మంతా ఆలోచించిన తత్వవేత్త ఒకాయన ఉన్నాడు. పేరు ఇమ్మాన్యుయెల్ లెవినాస్. 1906లో లిథువేనియాలో యూదుల ఇంట పుట్టి, ఫ్రాన్సులో స్థిరపడి, 1995లో పోయాడు. యుద్ధంలో జర్మన్లకి చిక్కి 1940 నుంచి 1945 దాకా ఖైదీగా ఉన్నాడు. అటు లిథువేనియాలో ఆయన తల్లిదండ్రుల్నీ తమ్ముళ్లనీ చంపేశారు. ఖైదీలు పనికి పోతుంటే దారినపోయే ఆడవాళ్లూ పిల్లలూ వాళ్లని మనుషుల్ని చూసినట్టు చూసేవారు కాదట. ఓ ఊరకుక్క మాత్రం తోకాడిస్తూ ఎదురొచ్చేదట! దానికి బాబీ అని పేరు పెట్టుకున్నారు.

1961లో అచ్చయిన ఆయన పెద్ద పుస్తకం సారం నాకర్థమైనంతలో ఇదీ: ఎదుటి మనిషి ముఖం "నన్ను చంపకు" అంటుంది. అది వినబడ్డాక నువ్వు జవాబుదారీవే. తప్పు నువ్వు చేశావా లేదా అన్నది తర్వాతి సంగతి.

అక్కడే మనకి పేచీ. "మేం చెయ్యలేదుగా!" అంటాం. అయితే తెనాలిలో బాపట్ల వైపు రైలెక్కండి. దారిలో చుండూరు వస్తుంది. 1991 ఆగస్టు 6న అక్కడ 8 మంది దళితుల్ని చంపారు. కొందర్ని గోనెసంచుల్లో కుక్కి కాలవలో పడేశారు. ఆ ఊళ్లోనే కోర్టు పెట్టి విచారిస్తే, 2007లో 21 మందికి యావజ్జీవ శిక్ష పడింది. 2014లో హైకోర్టు అందర్నీ నిర్దోషులని వదిలేసింది. వ్యాజ్యం సుప్రీంకోర్టుకెక్కింది. నేరం ఎవరిదో తేల్చడం కోర్టుల పని, ఒప్పుకుంటాను. మరి పోయినవాళ్ల తల్లులూ పెళ్లాలూ ఎవరి ముఖం చూడాలి? మనం కిటికీ పక్కన కూచుని జంతికల డబ్బా మూత తీస్తుంటే ఆ స్టేషను దాటిపోతుంది.

"మనకి జాలి లేదంటారా? ఉప్పెనప్పుడు ఎవరు ఆదుకున్నారు?" అంటారు. నిజమే. 1977 నవంబరు 19న, రేపల్లెకి ఏటి అవతలున్న దివిసీమ మునిగిపోతే, పెట్టెల్లో చీరలు తీసిచ్చిన అమ్మలున్నారు. వాళ్లకి దణ్ణం పెడతాను. కాని ఉప్పెన ఎవర్నీ సాక్ష్యం చెప్పమనలేదు. ఫలానా కులంవాళ్లు చేశారని చుట్టాల ఎదుట నోరు విప్పమనలేదు. జాలి పాత చీరతో తీరిపోతుంది. బాధ్యత అలా తీరేది కాదు.

"ఆడవాళ్లం, మనమేం చెయ్యగలం?" అన్నది ఆఖరి అస్త్రం. ఎందుకు చెయ్యలేం? వంటింటి గుమ్మం ఎవరు దాటాలో, ఎవరికి ఏ గ్లాసులో కాఫీ పొయ్యాలో శాసించేది మనం కాదూ? గూట్లో విడిగా పెట్టిన ఆ గ్లాసు తీసెయ్యడానికి ఏ కోర్టు తీర్పూ అక్కర్లేదు. రేపు పనమ్మాయికి మనం తాగే గ్లాసులోనే కాఫీ పోసి, కూచోబెట్టి, ముఖం చూసి రెండు మాటలు మాట్లాడండి. ఆ తర్వాత "మనకెందుకు" అనడానికి నోరొస్తుందేమో చూద్దాం.