హొమురా చేసింది ప్రేమేనా?

సావనీర్‌లో కార్టూన్ సినిమా గురించి వ్యాసమేమిటని నవ్వకండి. 2013 అక్టోబరులో జపాన్‌లో విడుదలైన 'మడోకా మ్యాజికా: రెబెలియన్' చూసినవాళ్ళు పదేళ్ళు దాటినా ఇంకా వాదించుకుంటూనే ఉన్నారు. నా మాట కూడా ఒకటి చెబుతాను.

మంత్రశక్తి గల ఆడపిల్లల కథలు జపాన్ టీవీలో 1966 నాటి 'సాలీ' నుంచీ ఉన్నాయి. 'సెయిలర్ మూన్' ఆ కోవలోదే. శక్తి వస్తుంది, చెడు ఓడిపోతుంది. 2011లో వచ్చిన పన్నెండు భాగాల 'మడోకా' సీరియల్ ఈ లెక్కను తిరగేసింది. రచయిత ఉరోబుచి. అందులో క్యూబే అనే తెల్లని జంతువు ఒక్క కోరిక తీరుస్తానని ఆడపిల్లల చేత ఒప్పందం చేయించుకుంటుంది. ఆ పిల్లే నిరాశలో కూరుకుపోతే చివరికి మంత్రగత్తెగా మారిపోతుంది. ఆ గతి ఇంకెవరికీ పట్టకూడదని మడోకా తన ఉనికినే వదులుకొని, ఒక లోకనియమమై పోయింది. స్నేహితుల్లో ఆమెను గుర్తుంచుకున్నది హొమురా ఒక్కతే.

కథ అక్కడ ఆగితే బాగుండేదని చాలామంది అంటారు. రెబెలియన్‌లో తనను తీసుకుపోవడానికి వచ్చిన మడోకా చేతులు పట్టుకొని, ఆ నియమంలోంచి మనిషి మడోకాను లాగేసుకుంది హొమురా. లోకాన్నే మార్చి, ఆమెను మామూలు స్కూలు పిల్లను చేసింది. తనను తాను దెయ్యమని చెప్పుకుంది. స్నేహమంటే ఇదీ అని కొందరు, సీరియల్ పరువు తీశారని కొందరు. (కాగితం కత్తిరించి అతికించినట్టుండే ఆ దృశ్యాల అందం దగ్గర మాత్రం తగవు లేదు.)

నాకు ఈ రెండు మాటలూ నచ్చవు. పూలతోటలో మడోకా, అందర్నీ వదిలి వెళ్ళడం తనవల్ల కాదంటుంది. నిజమే. కానీ అప్పుడామెకు తన త్యాగం జ్ఞాపకం లేదు. జ్ఞాపకం లేనప్పటి మాటను సాక్ష్యంగా పట్టుకొని, అన్నీ తెలిసి తీసుకున్న నిర్ణయాన్ని కొట్టివేసింది హొమురా. ఆమె ప్రేమ అబద్ధం కాదు, మడోకా కోసం అదే నెలను మళ్ళీ మళ్ళీ బతికిన పిల్ల. అయినా ఒక్కమాట అడగలేదు. "నీ మంచికేనమ్మా" అంటూ చదువు మధ్యలో పెళ్ళి కుదిర్చేవాళ్ళు కూడా ప్రేమగానే మాట్లాడతారని మన హాస్టల్ చెల్లెళ్ళకు వేరే చెప్పాలా?

సినిమా హొమురాను వెనకేసుకురాలేదు, నాకు నచ్చింది అదే. కోరిక ముఖ్యమా, కట్టుబాటు ముఖ్యమా అని చివర్లో ఆమె అడుగుతుంది. సొంత ఇష్టం కోసం నియమం తప్పడం మంచిది కాదంటుంది మడోకా. అయితే ఒకనాడు నువ్వూ నాకు శత్రువవుతావేమో అని, కళ్ళనీళ్ళతోనే, ఎర్ర రిబ్బన్ తీసి తిరిగి మడోకా జుట్టుకు కడుతుంది హొమురా.