ఉసిళ్లు తెచ్చే కబురు

తొలకరి కురిసిన సాయంత్రం జనగామ, మహబూబాబాద్, భూపాలపల్లి ప్రాంతాలలో దీపాల చుట్టూ ఉసిళ్లు ముసురుకోవడం మనకు తెలిసినదే. ఇవి రెక్కలు వచ్చిన చెదలు. జత కూడి కొత్త పుట్ట పెట్టుకోవడానికి బయలుదేరుతాయి. వీధి దీపానికి వచ్చినవాటిని చూసి బెదరనక్కరలేదు. అయితే గోడ పగులు నుండో, ద్వారబంధం నుండో ఇంటి లోపలే వెలువడితే సంగతి వేరు. అటువంటి గూడు ఏళ్ల తరబడి పెరిగినదై ఉంటుంది.

సబా సూరా 14వ ఆయతులో హజ్రత్ సులైమాన్ (అలైహిస్సలాం) మరణ ప్రస్తావన ఉంది. ఆయన చేతికర్రను నేలపురుగు తినివేసి, ఆయన దేహం ఒరిగేవరకు జిన్నాతులకు ఆ మరణం తెలియలేదు. ఆ పురుగు చెదయేనని వ్యాఖ్యాతలు వివరించారు. చెద పని అటువంటిదే; కలప పైకి నిలిచే ఉంటుంది, లోపల డొల్ల అవుతుంది.

కనుక ఉసిళ్లపై మందు చల్లి ఊరుకుంటే చాలదని మేము గుర్తుచేస్తున్నాము. గోడల వెంట మట్టి బాటలున్నాయేమో చూడాలి. తలుపు చట్రాన్ని తట్టి చూడాలి. నీటి కారుదలను ఆపాలి. ఖుర్‌ఆన్ ప్రతులను, దస్తావేజులను తడి గోడకు ఆనించిన చెక్క బీరువాలో ఉంచరాదు. గూడు నేలలో ఉంటుంది గనుక తెలిసినవారిచేత పునాది చుట్టూ మందు పట్టించాలి.

మరొక మాట. చెద తిన్న ద్వారానికి రంగు పూసి ఇల్లు అమ్మడం మోసం. లోపాన్ని కొనేవారికి ముందే చెప్పడం ధర్మం. దాచి పొందిన ధరలో బర్కత్ ఉండదు.